ఇసుక శిల్పం ఏ కాలమ్‌లో రాయాలి సార్? కేంద్ర సాంస్కృతిక శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

మంత్రి గారికి నమస్కారాలు.

మాది శ్రీకాకుళం జిల్లా, సోంపేట దగ్గర ఒక పల్లె, నేను డ్రాయింగ్ మాస్టార్ని. మా వైపు వాళ్ళకి పూరీ అంటే పక్క ఊరి కిందే లెక్క అండి, జగన్నాథుణ్ణి చూసుకుని కాజాలు కట్టించుకుని సాయంత్రం బీచ్‌కి వెళ్తే సుదర్శన్ పట్నాయక్ గారి ఇసుక బొమ్మ కనపడితే చాలు, దాని ముందు కాసేపు నిలబడకుండా ఎవరూ వెనక్కి రారు. ముందు ఆయన గురించి చెప్పి తర్వాత మా మేనల్లుడి సంగతికి వస్తాను, కొంచెం ఓపిగ్గా చదవండి.

ఆయన 1977లో పూరీలోనే పుట్టారు. ఇంట్లో లేమి, చదువు మధ్యలోనే ఆగిపోయింది. రంగులూ కాన్వాసూ కొనుక్కోలేని పిల్లాడికి డబ్బు పెట్టకుండా దొరికేది సముద్రం ఒడ్డున ఇసుకే కదా, దాంతోనే మొదలుపెట్టారు. 2008లో బెర్లిన్‌లో ఇసుక శిల్పాల ప్రపంచ పోటీలో ఫస్ట్ ప్రైజ్ కొట్టారు, 2014లో పద్మశ్రీ వచ్చింది, 2017లో పూరీ బీచ్‌లోనే 48 అడుగుల 8 అంగుళాల ఇసుక కోట కట్టి గిన్నిస్ రికార్డు సాధించారు, 2019లో ఇటలీ వాళ్ళ అవార్డు. పోయినేడాదీ ఈ ఏడాదీ అని లేకుండా ఎప్పుడూ ఎక్కడో ఒక దేశంలో మన జెండా పక్కన నిలబడి ఉంటారు.

నాకు అన్నిటికన్నా మనసుకి పట్టింది 2024 జూలైది. రష్యాలో సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో పోటీ, రకరకాల దేశాల నుంచి పెద్ద పెద్ద శిల్పులు వచ్చారు, అక్కడ ఈయన 12 అడుగుల జగన్నాథ రథం చేసి దానితో పాటు భక్తకవి బలరామ దాసుని కూడా చెక్కారు, గోల్డ్ మెడల్ వచ్చింది. బలరామ దాసు కథ మా వైపు కూడా చెప్పుకుంటారండి. రథయాత్రలో ఆయన్ని అవమానించి రథం మీంచి దింపేస్తే ఏడ్చుకుంటూ సముద్రం ఒడ్డుకి వెళ్ళి ఇసుకతో రథం చేసుకుని పూజ చేశాడట, జగన్నాథుడు ఆ ఇసుక రథం మీదకే వచ్చేశాడట, ఊళ్ళో అసలు రథం మాత్రం కదల్లేదట. గుళ్ళో చోటు దొరకని వాడికి ఇసుకే గుడి అయింది. ఆ కథని ఎక్కడో రష్యాలో నేవా నది ఒడ్డున చెక్కి మెడల్ తేవడం అంటే ఎంత మాట! 2025 ఏప్రిల్‌లో ఇంగ్లండ్‌లో వేమౌత్ అనే ఊళ్ళో 10 అడుగుల వినాయకుణ్ణి చేసి, అక్కడి పాతకాలం ఇసుక శిల్పి ఫ్రెడ్ డారింగ్టన్ పేరు మీద ఇచ్చే అవార్డు తీసుకున్న మొదటి భారతీయుడు కూడా ఆయనే.

ఇప్పుడు మా వాడి సంగతి. మా అక్క కొడుకు, డిగ్రీ అయింది, పూరీలో ఆ బొమ్మలు చూసి చూసి పిచ్చి పట్టింది. ఆదివారం తెల్లవారుజామున మా సోంపేట దగ్గరున్న బారువ బీచ్‌కి పోతాడు, నేనూ బక్కెట్లు మోయడానికి వెళ్తాను. చూసేవాళ్ళు ఇసుక కుప్ప పోసి గీకడమే అనుకుంటారు, కాదండి. అడుగూ పైకప్పూ లేని చెక్క పెట్టెలు ఒకదాని మీద ఒకటి పెట్టి, ఇసుక పోసి, నీళ్ళు పోసి, దిమ్మిసతో గట్టిగా దంచాలి, సగం రోజు దానికే పోతుంది. తర్వాత పై పెట్టె విప్పి పైనుంచి కిందకి చెక్కుకుంటూ రావాలి, కింద చెయ్యి పెట్టేశాక మళ్ళీ పైకి పోవడానికి ఉండదు. ముక్కూ కళ్ళూ చిన్న తాపీతో, చివర్లో గడ్డి పుల్ల లాంటి స్ట్రాతో ఉఫ్ అని ఊది రాలిన ఇసుక తీస్తాడు. మధ్యలో ఎండకి ఆరిపోతే రాలిపోతుంది, అందుకే స్ప్రే బాటిల్ పట్టుకుని నేను పక్కనే ఉండాలి. పోయిన సంక్రాంతికి చేసిన నంది చెవి మూడు సార్లు కూలింది, నాలుగోసారి నిలబడింది, ఆ రోజు వాడి మొహం చూడాలి.

వాడికి బయట దేశం పోటీకి అప్లై చేయాలని ఆశ. ప్రయాణానికి సాయం దొరుకుతుందేమోనని ఒక ప్రభుత్వ ఆఫీసుకి వెళ్ళాం, పేరు వద్దులెండి. అక్కడాయన ఫారం చూసి ఇది పెయింటింగా, శిల్పమా, జానపదమా, ఏ కాలమ్‌లో రాయాలి అని అడిగారు. శిల్పం అన్నాం. అయితే శిల్పం తీసుకుని రండి, చూస్తాం అన్నారు. ఫోటోలు చూపిస్తే ఫోటోలు కుదరవు అన్నారు. సార్, చెక్కిన రోజు సాయంత్రానికి అలలకి పోయే బొమ్మని సోంపేట నుంచి బస్సులో ఎలా తీసుకురావాలి? వాడు బయటికొచ్చి మెట్ల మీద కూర్చుని ఆ ఫారం మడిచి జేబులో పెట్టుకున్నాడు, ఒక్క మాట మాట్లాడలేదు.

రాయి చెక్కినవాడికి రాయి మిగులుతుంది, అమ్ముకోవచ్చు, మ్యూజియంలో పెట్టొచ్చు. ఇసుక శిల్పికి మిగిలేది పేరు, ఫోటో, ఆ పోటీలో వచ్చే మార్కు. అందుకే వీళ్ళకి ఇంటర్నేషనల్ పోటీలు సరదా కాదు సార్, బతుకుదెరువు. గెలిచాక అభినందనలు అందరూ చెప్తారు, మంచిదే, సంతోషమే. కానీ గెలవడానికి ముందు టికెట్టుకీ వీసాకీ తిరిగే రోజుల్లో కూడా ఎవరో ఒకరు పక్కన ఉండాలి కదండి.

నేను అడిగేది పెద్దదేం కాదు. మీ శాఖ ఫారాల్లో ఇసుక శిల్పం అని ఒక కాలమ్ పెట్టించండి, వీడియోనీ ఫోటోలనీ పనికి రుజువుగా ఒప్పుకోమని చెప్పండి, పోటీకి పిలుపు వచ్చిన వాళ్ళకి వెళ్ళొచ్చే ఖర్చు టైముకి అందేలా చూడండి, మెడల్ వచ్చాక ఇచ్చే డబ్బుల్లోంచే ముందు కొంచెం ఇచ్చినా సరే. ఇంకొక్కటి, కోణార్క్ దగ్గర చంద్రభాగ బీచ్‌లో డిసెంబర్లో ఇసుక శిల్పాల పండగ చేస్తారు కదా, ఆంధ్రాకి పొడవైన సముద్ర తీరం ఉందని చిన్నప్పటి నుంచి పుస్తకాల్లో చదువుకున్నాం, మా పిల్లలకి కూడా అలాంటిది ఒకటి కావాలి. విశాఖలో అయినా పర్లేదు, మేం వస్తాం.

మా వాడి నంది ఫోటోలు, ఆ రోజు మడిచి జేబులో పెట్టుకున్న ఫారం జిరాక్స్ ఈ లేఖతో పాటు పంపిస్తున్నాను. ఫారంలో ఆ కాలమ్ ఇంకా ఖాళీగానే ఉంది.

ఇట్లు,
బారువ బీచ్‌లో బక్కెట్లు మోసే ఒక డ్రాయింగ్ మాస్టారు