బరంపురం గోడలకూ కాస్త రంగు పడనివ్వండి

బరంపురం నగర కమిషనర్ గారికి,

నమస్కారం. మొన్న ఆదివారం భువనేశ్వర్‌లో గైడ్ వెనకాల సైకిల్ తొక్కుతూ గోడల మీది బొమ్మలు చూసొచ్చాను. 2018 హాకీ ప్రపంచ కప్ ముందు అక్కడ ఇలాంటివి చాలా వేశారు.

సవర గిరిజనుల పద్ధతిలో వేసిన ఒక బొమ్మ దగ్గర గైడ్ మమ్మల్ని ఆపాడు. ఎర్ర గోడ, తెల్ల మనుషులు. ముందు చుట్టూ అంచు గీసి, తర్వాత లోపలికి నింపుకుంటూ వస్తారట. ఊళ్లలోనైతే ఎర్రమట్టి పూసిన గోడ మీద బియ్యప్పిండితో, వెదురు పుల్లతో వేస్తారు. ఆ ఊళ్లు మన పక్కనున్న గజపతి, దాని అవతలి రాయగడ జిల్లాల్లోవే. ఆ సంగతి వినడానికి సుమారు 170 కిలోమీటర్లు పోయాను, సిగ్గేసింది.

మనకు మాత్రం ఏం తక్కువండీ? మన ఊరి అమ్మవారు బుఢీ ఠాకురాణి యాత్రకు రెండేళ్లకోసారి వీధుల్లో రథాలు కడతాం, పులివేషాలు వేస్తాం. యాత్ర అయిందా, అన్నీ విప్పేస్తాం. ఆ పులివేషగాణ్ణి, మన పట్టుచీర మీది గుడి గోపురం లాంటి కుంభం అంచుని నాలుగు గోడల మీద నిలబెట్టించండి. వాటిని చూపించడానికి గైడ్‌తో ఒక సైకిల్ యాత్ర కూడా పెట్టించండి. బడా బజార్ సందుల్లో ఉదయం ఆరింటికి సైకిళ్లు హాయిగా తిరుగుతాయి, తర్వాత నడవడమే కష్టం. గైడ్ ఒడియాతో పాటు తెలుగులోనూ చెబితే మా అమ్మ కూడా ఆటోలో వెనకే వస్తానంటోంది.

ఒక్క మనవి. పోస్టర్ల సంగతి ముందే చూడండి. మా వీధి మలుపులో నెమలి బొమ్మ ఒకటి ఉండేది. కోచింగ్ ప్రకటనల కింద ఇప్పుడు దాని కాలొక్కటే కనిపిస్తోంది.

ఇట్లు,
బడా బజార్ వాసి