మద్యం జబ్బుల కోడ్‌లు సరిచేయండి: వైద్య, ఆరోగ్య శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన ఆంధ్రప్రదేశ్ వైద్య, ఆరోగ్య శాఖ మంత్రి గారికి,

కర్నూలు నుంచి నమస్కారాలు. మేం మెడికల్ రికార్డులు, మానసిక వైద్యం, జనరల్ మెడిసిన్ విభాగాల్లో పనిచేసేవాళ్లం. తాగుడు వల్ల ఆసుపత్రిలో చేరినవాళ్ల కేస్ షీట్లకు వేస్తున్న ఐసీడీ (జబ్బుల అంతర్జాతీయ వర్గీకరణ) కోడ్‌ల గురించి ఈ లేఖ రాస్తున్నాం. పైకి ఇది గుమాస్తా పనిలా కనిపిస్తుంది. థయమిన్ (విటమిన్ బీ1) ఇంజెక్షన్లు ఎన్ని కొనాలి, డీఅడిక్షన్ సెంటర్‌కు ఎన్ని పడకలు ఇవ్వాలి, ఏ వైపు నుంచి కల్తీ కల్లు కేసులు వస్తున్నాయి అన్నవి తేలాల్సింది మాత్రం ఆ కోడ్‌ల నుంచే. ఇప్పుడున్న తీరులో అవి తేలవు.

మొదటి చిక్కు నెట్‌లోనే ఉంది. కోడ్ కోసం వెతికితే ముందు దొరికేది అమెరికా ఆసుపత్రులు వాడుకునే ఐసీడీ-10-సీఎం జాబితా. మనం వాడాల్సింది ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10. రెండింటిలోనూ మద్యం ఎఫ్10 కిందే ఉంటుంది కాబట్టి తేడా ఎవరి కంటా పడదు. చుక్క తర్వాత రెండో అంకె దగ్గర కథ మారిపోతుంది. ఎఫ్10.20 అంటే అమెరికా జాబితాలో ఇతర చిక్కుల్లేని మద్య వ్యసనం. ప్రపంచ ఆరోగ్య సంస్థ పద్ధతిలో అదే అంకెకు అర్థం, వ్యసనం ఉన్నా ప్రస్తుతం తాగడం లేదని. అంటే పొద్దున్నే క్వార్టర్ వేసుకుని ఓపీకి వచ్చినవాడు మన లెక్కలో మానేసినవాడవుతాడు. తాగుతున్నవాడికి మన పద్ధతిలో వేయాల్సింది ఎఫ్10.24. ఆ కోడ్‌కు అమెరికాలో అర్థం మద్యం వల్ల వచ్చిన మూడ్ జబ్బు. ఇక విత్‌డ్రాయల్‌లో, అంటే తాగుడు ఆపాక వచ్చే లక్షణాల్లో, మతి తప్పితే (డెలీరియం) వాళ్లు ఎఫ్10.231 వేస్తారు. మన పుస్తకంలో ఆ కోడే లేదు, ఎఫ్10.4 వేయాలి. ఎఫ్10.231ని అలాగే ఎక్కించి, పైస్థాయిలో నాలుగు అక్షరాలకు కుదిస్తే ఎఫ్10.2 మిగులుతుంది. ప్రాణం మీదికొచ్చిన డెలీరియం కేసు కాస్తా మామూలు వ్యసనం కింద జమ అయిపోతుంది.

రెండో చిక్కు ఎముకల వార్డులో. బండి మీద నుంచి పడి కాలు విరిగి చేరిన మనిషికి ఆఖరి చుక్క తాగిన 6 నుంచి 12 గంటల్లో వణుకు మొదలవుతుంది. ఫిట్స్ వస్తే 6 నుంచి 48 గంటల మధ్య వస్తాయి. డెలీరియం 48 నుంచి 96 గంటల మధ్య, అంటే సరిగ్గా ఆపరేషన్ ముందో వెనకో. కేస్ షీట్‌లో ‘ఆల్టర్డ్ సెన్సోరియం’ (స్పృహలో తేడా) అని మాత్రమే రాస్తారు, కోడ్‌లు వేసే ఉద్యోగి, అంటే కోడర్, ఆర్41.0 (అయోమయం) వేస్తాడు. ఫిట్స్ వస్తే ఆర్56.8, అంటే కారణం చెప్పని ఫిట్స్, లేదా ఇంకా ఘోరంగా జీ40.9, అంటే మూర్ఛ వ్యాధి. ఆ ముద్ర పడ్డాక ఏళ్ల తరబడి మూర్ఛ మందు ఫెనిటాయిన్ మింగుతూ, తాగుడు మాత్రం మానకుండా తిరిగేవాళ్లు తయారవుతారు. వేయాల్సింది ఎఫ్10.31, అంటే ఫిట్స్‌తో కూడిన విత్‌డ్రాయల్. డెలీరియం కూడా ఉంటే ఎఫ్10.41. వ్యసనం ఉందని డాక్టర్ నిర్ధారిస్తే దాంతోపాటు ఎఫ్10.2 వేరుగా రాయాలి. కోడర్ తనంతట తాను ఊహించి వేయకూడదు. ‘ఆల్కహాల్ అలవాటు ఉంది’ అని మాత్రమే రాస్తే అతను వేయగలిగింది జడ్72.1, అంటే మద్యం వాడకం. అది జబ్బు కోడే కాదు.

ఈ తప్పు కేస్ షీట్‌లో ఒక్క వాక్యంతో తీరుతుంది కాబట్టి డాక్టర్లే ఇవి రోగిని అడిగి రాయాలి: ఏం తాగాడు, ఎంత తాగాడు, చివరగా ఎప్పుడు తాగాడు. ‘అకేషనల్’, ‘రెగ్యులర్’ అనే మాటలతో ఏమీ తెలియదు. 42.8 శాతం ఆల్కహాల్ ఉండే విస్కీ క్వార్టర్ 180 మిల్లీలీటర్లలో సుమారు 61 గ్రాముల శుద్ధ ఆల్కహాల్ ఉంటుంది, నైంటీలో 30 గ్రాములు. 5 శాతం బీరు సీసా 650 మిల్లీలీటర్లదైతే 26 గ్రాములు. రోజుకు రెండు క్వార్టర్లు అని రాసి ఉంటే, విత్‌డ్రాయల్ రావచ్చని నర్సుకు ముందే తెలుస్తుంది. థయమిన్ గ్లూకోజ్ కంటే ముందు పడుతుంది, థయమిన్ లోపంతో మెదడు దెబ్బతినే వెర్నికె జబ్బు (ఈ51.2) తప్పుతుంది.

అన్నిటికన్నా మా ప్రాంతానికి ప్రత్యేకమైనది కల్లు. తుంగభద్ర దాటితే తెలంగాణ. గద్వాల, అలంపూర్ వైపు నుంచి కర్నూలుకు రోగులు వస్తూనే ఉంటారు. కల్లు మానగానే ఒళ్లు వణికి, పిచ్చిపిచ్చిగా మాట్లాడేవాళ్లకు ఎఫ్10.4 వేసి ఊరుకోవడం సరికాదు. కల్లులో ఉండే ఆల్కహాల్ బీరుకు అటూ ఇటుగానే ఉంటుంది; ఆ మోతాదుకు అంత తీవ్రమైన విత్‌డ్రాయల్ వస్తే అందులో డైజీపామ్, అల్ప్రాజోలం, క్లోరల్ హైడ్రేట్ లాంటి నిద్రమందులు కలిసి ఉంటాయని అనుమానించాలి. అప్పుడు కోడ్ నిద్రమందుల వర్గం ఎఫ్13 లోకి వస్తుంది: విత్‌డ్రాయల్‌కు ఎఫ్13.3, డెలీరియంతో అయితే ఎఫ్13.4. ఏది కలిసిందో విడదీయలేనప్పుడే ఎఫ్19, అంటే పలు మత్తు పదార్థాల వర్గం. వైద్యమూ వేరే. మద్యం విత్‌డ్రాయల్‌కు మందు వారం పది రోజుల్లో తగ్గించేయవచ్చు, నిద్రమందులకైతే వారాల తరబడి మెల్లగా తగ్గించాలి. లేదంటే డిశ్చార్జి అయి ఇంటికెళ్లాక ఫిట్స్ వస్తాయి.

నిద్రమందులను పట్టే మూత్రం స్ట్రిప్ పరీక్ష ఉంది కదా అంటారు. వార్డులో డైజీపామ్ ఇంజెక్షన్ పడ్డాక తీసిన మూత్రం పాజిటివ్ వస్తే ఆ మందు కల్లుదో ఆసుపత్రిదో చెప్పలేం. క్యాజువాలిటీలో తొలి సూది పడకముందే శాంపిల్ తీయాలి. అప్పుడు కూడా ఆ స్ట్రిప్ క్లోరల్ హైడ్రేట్‌ను పట్టదు. ఈ కేసులన్నీ ఎఫ్10 గుంపులో కలిసిపోతే, కల్తీ ఎక్కడుందో ఎక్సైజ్ శాఖకు ఆసుపత్రి లెక్క నుంచి ఎన్నటికీ తెలియదు. విషపదార్థాలదీ అంతే. 2020లో ప్రకాశం జిల్లా కురిచేడులో శానిటైజర్ తాగి జనం చనిపోయారు. అలాంటి కేసుకు ఎఫ్10.0, అంటే మామూలు మత్తు, పడితే హెచ్చరిక అక్కడే ఆగిపోతుంది. అందులో ఉన్నదాన్ని బట్టి ఇథనాల్ అయితే టీ51.0, మిథనాల్ అయితే టీ51.1, ఐసోప్రొపైల్ అయితే టీ51.2, వాటితోపాటు ప్రమాదవశాత్తూ అయితే ఎక్స్45 వేయాలి.

మరణ ధ్రువీకరణ ఫారం 4 గురించి క్లుప్తంగా. ‘కార్డియో రెస్పిరేటరీ అరెస్ట్’ అనేది కారణం కాదు, ఆ మాట చావుకు మరో పేరు మాత్రమే. పై గడిలో రక్తపు వాంతులు, దాని కింద అన్నవాహిక సిరలు పగలడం, ఆ కింద ఆల్కహాలిక్ సిరోసిస్ అని వరుసగా రాస్తే కే70.3 దక్కుతుంది. వట్టి ‘సిరోసిస్’ అయితే కే74.6లో పడి మద్యం పేరే రాదు.

డాక్టర్లకు ఇవి తెలియక కాదు. బంధువులు వచ్చి ‘సార్, తాగుడు అని రాయొద్దు, క్లెయిమ్ రాదు’ అని బతిమాలతారు. ఆరోగ్య బీమా పాలసీల్లో మద్యపాన చికిత్సను, దాని పర్యవసానాలను మినహాయించే ప్రామాణిక నిబంధన ఉంది. మరోవైపు 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం మద్యం దుర్వినియోగం వల్ల వచ్చే మానసిక స్థితులను మానసిక అనారోగ్యం కిందే చేర్చింది, శారీరక జబ్బులతో సమానంగా బీమా ఇవ్వాలంది. రెండూ ఒకదానితో ఒకటి పొసగవు. ఈ చిక్కు విప్పాల్సింది కేంద్రం. రాష్ట్రం తరఫున మీరు రాయగలరు. ఈలోగా ఆ చట్టంలోని 23వ సెక్షన్ గోప్యత హక్కును ఆసుపత్రి కంప్యూటర్‌లో అమలు చేయించండి. ఎఫ్10 కోడ్‌ను వైద్యం చేసేవాళ్లు, రికార్డుల విభాగం తప్ప ఎవరూ తెరవకూడదు. వార్డు బాయ్‌కు, బిల్లింగ్ కౌంటర్‌కు అది కనిపించాల్సిన అవసరం లేదు.

మీరు ఇవ్వాల్సిన ఆదేశాలు పెద్దవేం కావు. నమోదు సాఫ్ట్‌వేర్‌లో ప్రపంచ ఆరోగ్య సంస్థ జాబితానే ఉంచి, అమెరికా కోడ్ టైప్ చేస్తే తీసుకోకుండా ఆపాలి. డిశ్చార్జి సమ్మరీలో నాలుగు గడులు అచ్చు వేయాలి: ఏం తాగాడు, రోజుకు ఎన్ని మిల్లీలీటర్లు, చివరిసారి ఏ తేదీన ఏ గంటకు, విత్‌డ్రాయల్ ఏ రకం. సర్జరీ, ఎముకల వార్డులకూ ఇవి తప్పనిసరి చేయాలి. రాత అర్థం కాకపోతే కోడర్ ఆ కేస్ షీట్‌ను డాక్టర్‌కు తిప్పి పంపే హక్కు రాతపూర్వకంగా ఇవ్వాలి. ఇప్పుడు ఆ ధైర్యం ఎవరూ చేయరు, హౌస్ సర్జన్ సైతం కసురుకుంటాడు. నెలకు 30 కేస్ షీట్లు తీసి, మొదటి కోడ్ చూడకుండా వేరొకరితో మళ్లీ కోడ్ వేయించాలి. రెండూ కలవని చోట శిక్షణ ఇవ్వాలి.

2022 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చిన ఐసీడీ-11లో మద్యం 6సీ40 కిందికి మారింది. డెలీరియం 6సీ40.5గా విడిగా నిలబడింది, ఫిట్స్ విత్‌డ్రాయల్‌లోనే ఉన్నాయి. దానికి మారేటప్పుడు పాత రికార్డులను కంప్యూటర్‌తో మార్పిస్తే, పైన చెప్పిన ఎఫ్10.20 గందరగోళం కొత్త కోడ్‌లలోకి అలాగే వెళ్తుంది. కాబట్టి మార్పు మొదలయ్యే ముందు గత రెండేళ్ల ఎఫ్10, ఎఫ్13, ఆర్56.8 కేస్ షీట్లను చేత్తో పరిశీలించడానికి జిల్లాకు ఇద్దరు మెడికల్ రికార్డ్ టెక్నీషియన్లను, ఒక సైకియాట్రిస్టును మూడు నెలలపాటు కేటాయించండి.

ఇట్లు,
కర్నూలు జిల్లాలో మెడికల్ రికార్డులు, మానసిక వైద్యం, జనరల్ మెడిసిన్ విభాగాల్లో పనిచేస్తున్నవాళ్లం