పాత పాటల ‘పద్ధతి’

ఒరేయ్ శీనూ,

పాత రోజుల్లో పాటలూ సినిమాలూ పద్ధతిగా ఉండేవని రాశావు. ఎవర్రా నీకు చెప్పింది, మీ నాన్నగారా? ఆయన కాలంలోనే కదా ఎల్.ఆర్. ఈశ్వరి కోకకోలా తీసుకోమని, ఆ వెంటనే రమ్మూ సారా వేసుకోమని పాడింది! హీరోయిన్ నోట పలికించలేని కోరికంతా క్లబ్బు డాన్సర్‌కి ఇచ్చేసేవారు. జ్యోతిలక్ష్మి ఆడుతుంది, ఈశ్వరి పాడుతుంది, హీరోయిన్ పూజగదిలో ఉంటుంది. హాల్లో జనానికి కావలసింది దొరుకుతుంది, ఇంటి ఆడపిల్లకి మచ్చ అంటదు. భలే ఏర్పాటులే.

దొరల దగ్గరా ఇదే తమాషా. 1970లో కింక్స్ అనే ఇంగ్లీషు రాక్ బృందం ‘లోలా’ అని పాట చేసింది. క్లబ్బులో ఓ కుర్రాడు లోలాతో డాన్స్ చేస్తాడు, ఆ మనిషి ఆడో మగో తేల్చుకోలేక తికమకపడతాడు. బీబీసీ దేనికి అడ్డుపడిందో తెలుసా? పాటలో కోకకోలా పేరు వచ్చిందని! ప్రకటన అయిపోతుందట. పాపం ఆ బృందం గాయకుడు రే డేవిస్ అమెరికా నుంచి లండన్ వెళ్ళి, ఆ ఒక్క మాటా ‘చెర్రీ కోలా’ అని మార్చి పాడొచ్చాడు. లోలా సంగతి మాత్రం బీబీసీ పట్టించుకోలేదు. మన ఈశ్వరి పాట వింటే ఏమైపోయేవారో!

మొన్న ఆదివారం 900కె బస్సెక్కి భీమిలి వెళ్తుంటే ‘మరోచరిత్ర’ గుర్తొచ్చింది. 1978లో, అందరూ రంగుల వెంట పడుతుంటే, బాలచందర్ బ్లాక్ అండ్ వైట్‌లో మన దగ్గరే తీశాడు. (హిందీకి వెళ్ళేసరికి భీమిలి కాస్తా గోవా అయిపోయింది. ఆ కడుపుమంట నాకింకా తగ్గలేదు.) తమిళ కుర్రాడు కమల్, తెలుగమ్మాయి స్వప్న, భాష కుదరని పక్కింటి ప్రేమ అని అందరూ చెబుతారు. నన్నడిగితే అసలు తెగువ మాధవి వేసిన సంధ్య పాత్రది. భర్త పోయిన పడుచుపిల్ల మళ్ళీ ఒకణ్ణి ఇష్టపడి పెళ్ళి దాకా వస్తుంది. అంత దాకా తెచ్చి, కమల్ పాత ప్రేమ తెలిశాక ఆమె చేతే త్యాగం చేయించేశారు! ఆ తర్వాత స్వప్న మీద జరిగే అఘాయిత్యం నాకు ఇప్పటికీ చూడబుద్ధి కాదు. చివరికి ప్రేమికులిద్దర్నీ చంపేశారు. గీత దాటనిచ్చి, దాటినందుకు శిక్ష వేస్తే అది ధైర్యమా, భయమా? ఈ మాటంటే మా అక్క నా మీద విరుచుకుపడింది, ఆ రోజుల్లో అంత మాత్రం చూపించడమే గొప్పని. సరే, సగం ఒప్పుకున్నా.

నువ్వు మాత్రం సంధ్య ఎవరని అడిగావో, ఊరుకోను. మళ్ళీ చూసి రాయి. అన్నట్టు సంక్రాంతికి టికెట్ తీశావా? వెయిటింగ్ లిస్టు చూస్తే నాకే టెన్షన్‌గా ఉంది.

నీ,
రవి