డ్రోన్ షాట్లు సరే, రిజిస్టర్ షాట్ ఏది?

సంపాదకులకు,

ఏజెన్సీ గ్రామాల మీద వస్తున్న డాక్యుమెంటరీల్లో గోదావరి మీద డ్రోన్ షాట్లకు కొదవ లేదు. రేపు కేసు పడితే ఆ ఊరివాళ్లు చూపించుకోవడానికి పనికొచ్చే షాటే ఉండదు. 2013లో ఒడిశాలోని నియమగిరి కొండల్లో 12 గ్రామసభలు బాక్సైట్ తవ్వకం వద్దన్నాయి. అక్కడ లెక్కలోకి వచ్చింది జిల్లా జడ్జి ఎదుట రాసిన తీర్మానాలు.

గ్రామసభను మొదలు నుంచి చివరిదాకా ఆపకుండా తీయాలి. అటవీ హక్కుల నియమాలకు 2012లో వచ్చిన సవరణ ప్రకారం సభ్యుల్లో కనీసం సగం మంది రావాలి, వచ్చినవాళ్లలో మూడో వంతు ఆడవాళ్లుండాలి. అందుకే కెమెరాను మధ్యమధ్యలో ఈ చివర నుంచి ఆ చివరకు, తలలు లెక్కపెట్టుకునేంత నిదానంగా తిప్పాలి. తీర్మానాలు రాసే రిజిస్టర్ క్లోజప్ మరీ ముఖ్యం. తీర్మానం రాశాక వేలిముద్రలు వేయించారా, తెల్లకాగితం మీద ముందే వేయించేశారా అన్నది అందులోనే తేలుతుంది. సెకనుకు 50 మెగాబిట్ల (50 ఎంబీపీఎస్) నాణ్యతలో తీస్తే గంటకు సుమారు 22 జీబీ అవుతుంది కాబట్టి మూడు గంటల సభ 64 జీబీ కార్డులో పట్టదు. తీర్మానం చదివేది చివర్లో, కార్డు నిండేదీ సరిగ్గా అప్పుడే! మైకు అధికారి చొక్కాకు తగిలించి జనం జవాబులను కెమెరా మైకుకు వదిలేస్తుంటారు. రేకుల మీద వాన పడిందంటే ఆ జవాబులు పోయినట్టే.

అటవీ భూమి హక్కు కోరేటప్పుడు పెద్దల వాంగ్మూలం వీడియో ఒక్కటే చాలదు, అటవీ హక్కుల నియమాల్లో 13వది దాన్ని రాతలో అడుగుతుంది. కోయలో చెప్పింది కోయలోనే రికార్డు చేసి, తెలుగులో రాసి, చదివి వినిపించి సంతకం తీసుకోవాలి. పొలం గట్లు, బావులు, సమాధులు కూడా సాక్ష్యాలే కనుక వాటినీ తీయాలి. కొత్తగా నరికిన మొద్దుల మధ్య పోడు రైతును నిలబెట్టి మాత్రం తీయకండి. హక్కు వచ్చేది 2005 డిసెంబరు 13కి ముందు నుంచి చేతిలో ఉన్న నేలకే. మీకది అందమైన ఫ్రేము, అటవీశాఖకు చేతికందిన సాక్ష్యం.

పర్యావరణ ప్రజాభిప్రాయ సేకరణను మొత్తం వీడియో తీయించాలని 2006 పర్యావరణ ప్రభావ అంచనా (ఈఐఏ) నోటిఫికేషన్‌లోనే ఉంది. ఆ కాపీని సమాచార హక్కు కింద అడిగి, మీ రషెస్ (ఎడిట్ చేయని అసలు ఫుటేజీ) పక్కన పెట్టి చూడండి.

రషెస్ కాపీ ఒకటి ఊరి అటవీ హక్కుల కమిటీ దగ్గర ఉంచాలి. వీడియో కోర్టులో చెల్లాలంటే భారతీయ సాక్ష్య అధినియమం 63వ సెక్షన్ కింద ధ్రువపత్రం, అందులో హ్యాష్ విలువ (ఫైలుకు వేలిముద్ర లాంటి కోడ్, ఫైలు కాస్త మారినా అదీ మారిపోతుంది) కావాలి. కార్డు నుంచి కాపీ చేసిన రోజే ఎస్‌హెచ్‌ఏ-256 పద్ధతిలో ఆ హ్యాష్ తీసి రాసుకోవాలి. వాట్సాప్‌లో పంపిన క్లిప్పు కుదించుకుపోతుంది, హ్యాష్ కలవదు. కెమెరాలో తేదీ, టైము సరిగా ఉన్నాయో లేదో షూటింగ్‌కు ముందే చూసుకోవాలి. ధ్రువపత్రంలో కెమెరా మోడల్, సీరియల్ నంబరు కూడా అడుగుతారు. అద్దె కెమెరా అయితే వెనక్కిచ్చే ముందే వాటిని రాసిపెట్టుకోండి.

– ఇద్దరు డాక్యుమెంటరీ ఎడిటర్లు, రాజమహేంద్రవరం