సొంత డబ్బు ఉండగా అప్పు చేయాలా?

సంపాదకుల వారికి,

లారీ గుద్ది అన్నయ్య పోయాక వదినకి నష్టపరిహారం వచ్చింది గానీ, ప్రమాద పరిహారం తేల్చే కోర్టు, అదే ట్రిబ్యునల్, సగం పైగా ఆమె పేరునే బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ వేయించింది. ఇప్పుడు పాప ఇంజనీరింగ్ ఫీజు కట్టాలి. బ్యాంకుకి వెళితే కోర్టు ఆర్డర్ తెమ్మంటారు, కోర్టులో పిటిషన్ వేస్తే వాయిదా మీద వాయిదా, కాలేజీ వాళ్లేమో ఆగరు, చివరికి నూటికి మూడు రూపాయల వడ్డీకి అప్పు తెచ్చాం.

డిపాజిట్ పద్ధతే తప్పని అనను. పిల్లల్ని, చదువురానివాళ్లని ఎవరూ ముంచేయకుండా కేరళ ఆర్టీసీ–సూసమ్మ థామస్ కేసులో సుప్రీంకోర్టు పెట్టిన జాగ్రత్త అది. కానీ అత్యవసరమైతే ముందే తీసుకోవడానికి దరఖాస్తు చేసుకోవచ్చని అదే తీర్పులో ఉంది. 2012లో ఎ.వి. పద్మ కేసులోనైతే, ఈ మార్గదర్శకాల్ని యాంత్రికంగా పట్టుకు వేలాడొద్దని, మనిషి వయసు, ఆర్థిక స్థితి చూడాలని ట్రిబ్యునళ్లకి గట్టిగానే చెప్పింది. మా వదిన డిగ్రీ చదివింది, టైలరింగ్ షాపు నడుపుతోంది, ఆమెకి లెక్కలు రావా?

ఫీజు నోటీసో, ఆస్పత్రి ఎస్టిమేటో జతచేసిన పిటిషన్లనైనా వారం పది రోజుల్లో తేల్చేలా హైకోర్టులు గడువు పెట్టాలి.

– ఒక పాఠకుడు, ఖమ్మం