"ఐస్‌ టీ కదండీ, చల్లగానే వస్తుంది": మూడుసార్లు మూసేసిన ఒక ఫిర్యాదు

ఆల్ఫరెటా, జార్జియా, అమెరికా
2025 జులై 21

మేనేజరు గారికి,
వినియోగదారుల సేవా కేంద్రం,
హైదరాబాదు.

విషయం: మూడుసార్లు "పరిష్కారమైంది" అని మీరు మూసివేసిన, ఒక్కసారి కూడా పరిష్కారం కాని నా ఫిర్యాదు.

అయ్యా,

ఈ ఉత్తరం తెలుగులో ఎందుకు రాస్తున్నానో ముందుగా చెప్పడం మర్యాద. మీ సంస్థ అమెరికాదే అయినా, ఇక్కడ మా వంటింట్లో నుంచి మీ సహాయ నంబరుకు చేసే ప్రతి ఫోనూ హైదరాబాదులోని మీ కేంద్రంలోనే మోగుతుందని నాకు మొదటి రోజే అర్థమైంది. మే 19 నుంచి ఇప్పటి వరకు ఏడుసార్లు ఫోనులో, నాలుగుసార్లు ఈమెయిలులో, రెండుసార్లు మీ వెబ్‌సైటులో తనంతట తానే జవాబులిచ్చే చాట్‌బాట్‌తో, అన్నిసార్లూ ఇంగ్లీషులోనే నా గోడు వెళ్లబోసుకున్నాను. వినేవారు లేనప్పుడు ఏ భాషయినా ఒకటేనని తెలిసినా, భాష అర్థం కాలేదన్న సాకు కూడా మీకు మిగలకూడదని ఇలా రాస్తున్నాను.

యంత్రం సంగతి నాలుగు ముక్కల్లో తేలిపోతుంది. మార్చిలో కొన్న మీ ఐస్‌ టీ మేకర్ మే నెల మధ్య నుంచి నీళ్లు కాచడం మానేసింది. వాటిని గోరువెచ్చగా చేసి, అలాగే తేయాకు మీదుగా జగ్గులోకి వదిలేస్తోంది. మోడలు నంబరు, సీరియల్ నంబరు, రసీదు మీ దగ్గర ఇప్పటికి ఎన్నిసార్లు నమోదయ్యాయో నాకే లెక్క తప్పింది కనుక వాటిని ఇక్కడ మళ్లీ రాయను.

నీళ్లు కాగకపోతే ఏమవుతుందో మాత్రం చెప్పక తప్పదు, ఎందుకంటే ఇన్ని వారాల్లో మీ సంస్థలో ఒక్కరికీ అర్థం కానిది అదే. జార్జియాలో ఇంట్లో చేసుకునే తీపి టీకి చల్లదనం ఆఖరి మెట్టు మాత్రమే. ఒక గ్యాలను, అంటే దాదాపు 3.8 లీటర్ల టీ కావాలంటే, ముందు అందులో పావు వంతు నీళ్లను తెర్లేదాకా మరిగించి, ఎనిమిది టీ సంచులు వేసి, వగరు విరగడానికి చిటికెడు వంటసోడా చల్లి, రంగు దిగిన తరువాత సంచులు పిండకుండా తీసేసి, ఆ వేడి మీదే ఒక కప్పు చక్కెర కరిగించి, ఆపైన చల్లటి నీళ్లు కలుపుతారు. ఐసు వేసేది గ్లాసులో పోసేటప్పుడే. శ్రీరామనవమికి బెల్లం దంచి చన్నీళ్లలో కలిపి పానకం చేసుకున్నట్టు దీన్ని చేస్తామంటే కుదరదు. చక్కెర పలుకులు అడుగుకు చేరి కూర్చుంటాయి, గరిటె అరిగిపోతుందే తప్ప అవి తొందరగా లొంగవు. గోరువెచ్చటి నీళ్లలో తేయాకు సారమూ సరిగా దిగదు. మీ యంత్రం నుంచి ఇప్పుడు వస్తున్నది పైన పసుపు నీళ్లు, అడుగున చక్కెర.

మొదటి ఫోను మే 19న, ఇక్కడి ఉదయం పది గంటలకు, అంటే మీకు రాత్రి ఏడున్నరకు చేశాను. ముప్పై ఎనిమిది నిమిషాలు లైనులో ఉంచిన తరువాత ఒక అబ్బాయి పలికి, తన పేరు కెవిన్ అన్నాడు. రెండో వాక్యానికే ఆ ఇంగ్లీషు వెనక ఉన్నది ఏ జిల్లా మాటో నాకు తెలిసిపోయింది. "మీది ఏ ఊరు నాయనా?" అని అడిగాను. కాసేపు మౌనం తరువాత, ఫోను రికార్డు అవుతోందని, ఇంగ్లీషులోనే మాట్లాడాలని చెప్పి, చివర్లో గొంతు తగ్గించి ఊరి పేరు కూడా చెప్పాడు. ఆ అబ్బాయి నేను చెప్పినదంతా శ్రద్ధగా విని, మూడు రోజుల్లో బదులు యంత్రం వస్తుందని రాసుకున్నాడు. మూడు రోజుల తరువాత నేను మళ్లీ ఫోను చేస్తే, కెవిన్ అనే పేరుతో తమ దగ్గర ఎవరూ లేరని, అలాంటి మాట ఎవరూ ఇవ్వలేదని సెలవిచ్చారు.

ఆ రెండోసారి మాట్లాడిన మహాశయుడితో జరిగిన సంభాషణ నాకు అక్షరం పొల్లుపోకుండా గుర్తుంది. "టీ చల్లగా వస్తోంది" అని నేను అంటే, ఆయన సంతోషంగా, "ఐస్‌ టీ కదండీ, చల్లగానే వస్తుంది" అన్నారు. నీళ్లు ముందు కాగాలని, ఆ తరువాతే చల్లబడాలని నేను విడమరిచి చెప్పాను. ఆయన ఓపికగా విని, "చివరికి చల్లబడిందా లేదా?" అని అడిగారు. అబద్ధం చెప్పడం చేతగాక చల్లబడిందన్నాను. మరో రెండు నిమిషాల్లో నాకు ఈమెయిలు వచ్చింది: "యంత్రం సక్రమంగా పనిచేస్తోంది, వినియోగదారు ఆశించిన విధంగా చల్లటి టీ అందుతోంది, ఫిర్యాదు పరిష్కారమైంది." దాని కిందే, మా సేవకు ఎన్ని నక్షత్రాలు ఇస్తారన్న ప్రశ్న.

మే 27న మూడోసారి చేసినప్పుడు, యంత్రం తీగ పీకి పది నిమిషాలాగి మళ్లీ పెట్టమన్నారు. పెట్టాను. చక్కెర తగ్గిస్తే ఆరోగ్యానికి కూడా మంచిదన్నారు. మా డాక్టరు గారు కూడా ఆ మాటే అన్నారని, అయితే ఆయన దగ్గర నేను యంత్రం కొనలేదని చెప్పాను. చివరికి, సమస్యను నిర్ధారించుకోవడానికి ఫోటో పంపమన్నారు. చల్లదనాన్ని ఫోటో తీయడం ఎలాగో తెలియక, జగ్గులో వంటింటి థర్మామీటరు పెట్టి ఫోటో తీశాను. అందులో 104 డిగ్రీల ఫారెన్‌హీట్ స్పష్టంగా కనబడుతుంది. పసిబిడ్డకైతే అది జ్వరం, తేయాకుకు మాత్రం చలి. ఎనిమిది రోజుల తరువాత వచ్చిన జవాబులో, ఫోటోలో యంత్రం మీది ఎర్రదీపం వెలుగుతోంది కాబట్టి యంత్రం పనిచేస్తున్నట్టేనని తేల్చి, ఫిర్యాదును రెండోసారి మూసేశారు.

ఆ మరుసటి రోజు నన్ను ఒకరి నుంచి ఒకరికి నాలుగుసార్లు బదలాయించారు. ప్రతి ఒక్కరూ సీరియల్ నంబరు మొదటి నుంచి అడిగారు. నాలుగో ఆమె, మీరు వాడుతున్నది ఏ టీ అని అడిగి, నీలగిరి ఆకు అని చెప్పగానే, సంస్థ ఆమోదించిన టీ సంచులు కాకపోతే వారంటీ వర్తించకపోవచ్చునన్నారు. అయ్యా, పాలు పోసుకునే చిక్కటి టీకి మన ఇళ్లలో వాడే రవ్వలాంటి పొడిని పక్కనపెట్టి, ఫ్రిజ్‌లో పెట్టినా టీ అంతగా మబ్బేయదని వెతికి వెతికి తెప్పించుకున్న ఆకు అది. నీళ్లను కాచలేని యంత్రం తప్పును తేయాకు మీదకు నెట్టడం, పొయ్యి వెలగకపోతే బియ్యాన్ని తిట్టినట్టు ఉంది.

ఇంతగా ఎందుకు పట్టుబట్టానో చెబుతాను. జూన్ 14న మా పక్కింటి పెద్దావిడ ఎనభయ్యో పుట్టినరోజు. 2006లో మేము ఈ దేశానికి వచ్చిన కొత్తలో, హోటల్లో టీ అడిగితే ఐసు వేసిన తీపి నీళ్లు తెచ్చి పెట్టారని బిక్కమొహం వేసిన నాకు, ఇక్కడ ఉత్త టీ అంటే ఇదేనని, వేడిది కావాలంటే వేడిదని విడిగా అడగాలని చెప్పి, తన వంటింట్లో నిలబెట్టి ఇది చేయడం నేర్పింది ఆవిడే. ఈ రాష్ట్రంలో తీపి టీ చిన్న విషయం కాదు. 2003లో, ఐస్‌ టీ అమ్మే ప్రతి హోటలూ తీపి టీ కూడా అమ్మి తీరాలంటూ ఇక్కడి శాసనసభలో ఒక బిల్లే పెట్టారు. అది ఏప్రిల్ ఒకటో తేదీ సరదా. వారంటీ పేరుతో మీరు ఆడుతున్నది ఏ తేదీ సరదానో తెలియదు. ఆవిడ పుట్టినరోజుకు నలభై మంది వస్తారు, నాలుగు గ్యాలన్ల టీ నేను తెస్తానని ఏప్రిల్‌లోనే మాట ఇచ్చాను. ఈ సంగతి మీ వాళ్లకు కనీసం ఐదుసార్లు చెప్పాను. జూన్ 9న మాట్లాడిన ఆవిడ, పై అధికారి 48 గంటల్లో స్వయంగా ఫోను చేస్తారని హామీ ఇచ్చారు. ఫోను రాలేదు. జూన్ 13 సాయంత్రం ఈమెయిలు వచ్చింది: "వినియోగదారు నుంచి స్పందన లేనందున ఫిర్యాదు మూసివేయడమైనది." స్పందన లేనిది నా దగ్గర నుంచా?

ఆ రాత్రి నాలుగు గ్యాలన్లకు చాలిన గిన్నె మా ఇంట్లో ఒకటే ఉంది. పండుగలకు సాంబారు కాచే గిన్నె. మూడుసార్లు తోమాను, నిమ్మచెక్కతో రుద్దాను. అయినా మరిగే నీళ్లు తగలగానే ఏ మూల నుంచో ఇంగువ లేచింది. మరునాడు పెద్దావిడ ఒక గుక్క తాగి, గ్లాసు కింద పెట్టి, నా చేయి పట్టుకుని, "బ్లెస్ యువర్ హార్ట్" అంది. హైదరాబాదులో కూర్చున్న మీకు అది దీవెనలా వినబడవచ్చు. అమెరికా దక్షిణాది రాష్ట్రాల్లో జాలితోనో, వెటకారంగానో కూడా ఆ మాట అంటారు; అది ఏ సందర్భంలోనో, మీ ప్రధాన కార్యాలయంలో ఇక్కడివారు ఎవరైనా ఉంటే అడిగి తెలుసుకోండి. ఆవిడ ఆ గ్లాసు పూర్తిగా తాగింది, అది ఇంకా బాధ.

1904లో ఈ దేశంలోని సెయింట్ లూయిస్ నగరంలో జరిగిన ప్రపంచ ప్రదర్శనలో, మన దేశపు తేయాకును ప్రచారం చేయడానికి వచ్చిన రిచర్డ్ బ్లెచిండెన్, ఎండకు ఎవరూ వేడి టీ ముట్టకపోవడంతో దానిలో ఐసు వేసి పంచాడని ఇక్కడ చెప్పుకుంటారు. అంతకు ముందే, 1879లోనే, అచ్చయిన ఒక వర్జీనియా వంటల పుస్తకంలో ఐస్‌ టీ తయారీ ఉంది కాబట్టి కనిపెట్టిన ఘనత ఆయనకు చెందదు కానీ, ఆయన కూడా ముందు టీని వేడిగానే కాచి ఉంటాడు. ఇన్నేళ్లలో ఈ వరస తిరగేసిన ఘనత మీ యంత్రానికే దక్కింది.

ఈ దేశంలో మేము కొన్న మొదటి వస్తువు మీ టోస్టరు. తరువాత మీ బ్లెండరు వచ్చింది, దానిలో పంతొమ్మిదేళ్లుగా అల్లం పచ్చడి రుబ్బుతున్నా అది ఇంకా బతికే ఉంది. మా అమ్మాయి కాపురానికి వెళ్లేటప్పుడు మీ సామాను మూడు పెట్టెలు ఇచ్చి పంపాను. మా వీధిలో ఆరు తెలుగు కుటుంబాలు నా మాట మీద మీ వస్తువులు కొన్నాయి. ఆ నమ్మకానికి మీ లెక్కల్లో ఏ విలువా లేనట్టుంది, నా ఫిర్యాదు నంబరు పక్కన "మూసివేయడమైనది" అన్న మాట తప్ప.

యంత్రం విలువ 60 డాలర్లు. వారంటీ ఏడాదిపాటు ఉందని మీ పెట్టె మీదే అచ్చేశారు కనుక దాన్ని మార్చడమో, డబ్బు తిరిగి ఇవ్వడమో మీరు ఎటూ చేయవలసిందే, దాని కోసం నేను బతిమాలను. నాకు కావలసింది, ఆ ఫిర్యాదును మళ్లీ తెరిచి, నీళ్లు కాగడం లేదన్న నా మాట నిజమేనని మీ సంస్థలో ఒక మనిషి తన పేరుతో రాసి పంపడం. ఆగస్టు 4 లోపు అది జరగకపోతే, జార్జియా అటార్నీ జనరల్ కార్యాలయంలోని వినియోగదారుల రక్షణ విభాగానికి ఈ కాగితాలన్నీ పంపుతాను. 15,000 డాలర్ల వరకు దావాలు ఇక్కడి మెజిస్ట్రేటు కోర్టులో వకీలు లేకుండానే వేయవచ్చు; ఒక ఐస్‌ టీ యంత్రం కోసం కోర్టుకెక్కిన ఇల్లాలిగా నవ్వులపాలవడానికి నేను సిద్ధంగానే ఉన్నాను. అప్పుడు ఆ ఇంగువ గిన్నెను కూడా సాక్ష్యంగా తెస్తాను.

ఈ ఉత్తరంతో రసీదు నకలు, మీ మూడు మూసివేత ఈమెయిళ్లు, థర్మామీటరు ఫోటో జతపరుస్తున్నాను. ఫోటోలో ఎర్రదీపాన్ని కాదు, అంకెను చూడవలసిందిగా మనవి.

ఇట్లు,
పంతొమ్మిదేళ్లుగా మీ వినియోగదారు

మరొక మాట: మొదటి రోజు మాట్లాడిన అబ్బాయిని ఈ ఉత్తరం కారణంగా పిలిచి ప్రశ్నించవద్దు. అతని ఊరి పేరు అందుకే ఇక్కడ రాయలేదు. అతను తెలుగులో మాట్లాడింది ఊరి పేరు ఒక్కటే, అది కూడా నేను అడిగితేనే.