న్యాయశాఖ మంత్రి గారికి: కంటెంప్ట్ (కోర్టు ధిక్కరణ) కేసులో అప్పీలు మాకెందుకు లేదు?

అయ్యా, నమస్కారం.

మాది చిత్తూరు పక్కన పల్లె. మా నాయన తోతాపురి తోట రోడ్డు కోసం తీసుకున్నారు, పరిహారం మాత్రం ఇయ్యలేదు. హైకోర్టుకి పోతే ఎనిమిది వారాల్లో డబ్బు కట్టమని ఆర్డర్ వచ్చింది, ఎనిమిది నెలలైనా ఉలుకూ పలుకూ లేదు. ఏడాది దాటితే కేసు తీసుకోరు, కోర్టు ధిక్కరణ చట్టం సెక్షన్ 20 అడ్డమొస్తుందని వకీలు గారు చెప్తే అప్పు చేసి కంటెంప్ట్ కేసు వేసినాం.

అప్పుడు కదిలినారు ఆఫీసు వాళ్ళు, డబ్బుతో కాదు, "ఆర్డర్ అమలు చేశాం" అని కోర్టుకి రాసిచ్చిన జవాబుతో, అదే కౌంటర్‌తో. అమలంటే ఏందంటే లెక్క వేసి ఫైలు పైకి పంపినారంట, అంతే. కేసు మూసేసినారు. అప్పీలు వేద్దాం సార్ అంటే వకీలు గారు తల అడ్డంగా ఊపినారు.

1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం సెక్షన్ 19 కింద శిక్ష పడినోళ్ళకే అప్పీలు హక్కు. శిక్ష సింగిల్ జడ్జి వేస్తే 30 రోజుల్లో ఇద్దరు జడ్జీల డివిజన్ బెంచ్‌కి, బెంచే వేస్తే 60 రోజుల్లో సుప్రీంకోర్టుకి, తేలేదాకా శిక్ష ఆపమని కూడా అడగొచ్చు. అది ఉండాల్సిందే, ఆరు నెలల జైలు దాకా పడే కేసులో మనిషికి ఇంకో తలుపు లేకపోతే అన్యాయం. కానీ కేసు మూసేసినా, అసలు తీసుకోకపోయినా, వేసినోడికి ఆ సెక్షన్ కింద ఏమీ లేదు, 2006లో మిడ్నాపూర్ పీపుల్స్ కో-ఆపరేటివ్ బ్యాంక్ కేసులో సుప్రీంకోర్టు అదే తేల్చింది. ధిక్కరణ కోర్టుకీ ధిక్కరించినోడికీ మధ్య విషయమంట. అయ్యా, తోట పోయింది మాది కదా! ఇంక మిగిలింది రాజ్యాంగం ఆర్టికల్ 136 కింద ఢిల్లీలో సుప్రీంకోర్టుకి స్పెషల్ లీవ్ పిటిషన్, అదీ హక్కు కాదు, కోర్టు ఒప్పుకుంటేనే. అమరావతికి రాత్రి బస్సులో పోయి వస్తేనే మా నాయనకి మోకాళ్ళు పట్టేస్తాయి, తిరుపతిలో సంపర్క్ క్రాంతి ఎక్కి ఢిల్లీ దాకా ఎట్ల పోతాడు, అక్కడి వకీళ్ళకి ఫీజు యాడ నుంచి తెస్తాడు?

కేంద్రం చట్టం, మా చేతిలో లేదు అనొద్దు. సుప్రీంకోర్టు ధిక్కరణ తప్ప మిగతాది కేంద్రం, రాష్ట్రం రెండూ చట్టం చేయగల ఉమ్మడి జాబితాలో 14వ అంశం, అసెంబ్లీలో సవరణ పెట్టి రాష్ట్రపతి ఆమోదం తెచ్చుకోవచ్చు. శిక్ష పెంచమని కాదు మేం అడిగేది, ఆర్డర్ నిజంగా అమలైందా లేదా అని ఇంకో ఇద్దరు జడ్జీలు చూసే దారి, అమరావతిలోనే.

అది అయ్యేదాకా ఒక సర్క్యులర్ ఇవ్వండి: డబ్బు కట్టమన్న కేసుల్లో "అమలు చేశాం" అని కౌంటర్ వేసేముందు ఖాతాలో పడినట్టు రసీదు జతచేయాలని. మా నాయన ఇప్పటికీ నెలనెలా పాస్‌బుక్ తీసుకుపోయి ఎంట్రీ వేయించుకొని వస్తా ఉండాడు.

ఇట్లు,
చిత్తూరు జిల్లా రైతు కొడుకు